దొంగ సంతకాలతో సంఘం రిజిస్టరైతే: రిజిస్ట్రారా, హైకోర్టా, సివిల్ కోర్టా?

చెన్నైలో మా తెలుగువాళ్ల సంఘం పేరుకు ఒక్క మాట తోక తగిలించి, కొందరు మరో సంఘాన్ని రిజిస్టరు చేయించారు. విరాళాలు అటు పోవడం మొదలయ్యాకగాని మాకు తెలియలేదు. రుసుము కట్టి ఆ రిజిస్ట్రేషన్ కాగితాల నకళ్లు తెప్పించుకుని చూస్తే, వ్యవస్థాపకుల ఏడు సంతకాల్లో మూడోది మా పెదనాన్నగారిది. ఆయన జీవితమంతా తెలుగులోనే సంతకం చేశారు. చివరి అక్షరం కింద చిన్న గీత, దాని కింద రెండు చుక్కలు. ఈ కాగితం మీద సంతకం తమిళంలో ఉంది. ఆయనకు తమిళం మాట్లాడటం వచ్చు, రాయడం రాదు. ఇప్పుడు అడుగుదామంటే ఆయన లేరు.

ఇలాంటి చోట ఎక్కడికి వెళ్లాలి? ఎవరిని అడిగినా మొదట రిజిస్ట్రారు దగ్గరికే పంపుతారు. తమిళనాడు సంఘాల రిజిస్ట్రేషన్ చట్టం 1975 నాటిది. సభ్యుల్లో మూడో వంతు మంది అర్జీ పెడితే జిల్లా రిజిస్ట్రారు విచారణ జరపవచ్చు, తనంతట తానూ జరపవచ్చు. ఖర్చు తక్కువ. అయితే దొంగ సంఘంలో మనం సభ్యులమే కాదు కదా, మూడో వంతు ఎక్కడి నుంచి తెస్తాం? పైగా అసలు కార్యవర్గం ఎవరిదన్న తగవును తేల్చే అధికారం రిజిస్ట్రారుకు లేదని, సివిల్ కోర్టుకు వెళ్లమని మద్రాసు హైకోర్టు ఎన్నోసార్లు చెప్పింది. అయినా అర్జీ పెట్టండి. మీరు ఏ తేదీన అభ్యంతరం చెప్పారో దానివల్ల కాగితం మీద ఉంటుంది.

హైకోర్టులో రిట్ (అధికారుల తీరు మీద నేరుగా హైకోర్టుకు పెట్టుకునే అర్జీ) వేస్తే త్వరగా తేలిపోతుందన్న ఆశ చాలామందికి ఉంది. నాకూ ఉండేది. రిట్‌లో సాధారణంగా సాక్షుల్ని బోనెక్కించరు, సంతకం ఎవరిదన్నది తేల్చరు. చాలాసార్లు వచ్చేది ‘అర్జీని ఫలానా గడువులోగా పరిశీలించండి’ అని రిజిస్ట్రారుకు ఒక ఆదేశం. దాన్ని గెలుపనుకుని మిఠాయిలు పంచినవాళ్లను చూశాను. రిజిస్ట్రారు అర్జీని అటకెక్కించినప్పుడు రిట్ పనికొస్తుంది, అంతవరకే.

పోలీసు ఫిర్యాదు గురించి ఎక్కువ చెప్పను. ఫోర్జరీ నేరమే. పోలీసులు తీసుకోకపోతే మేజిస్ట్రేటు దగ్గరికి వెళ్లవచ్చు. కానీ సంతకం పెట్టినవాడికి శిక్ష పడినా, రిజిస్ట్రేషన్ దానంతటదే రద్దు కాదు.

నా ఓటు సివిల్ దావాకే. ప్యారీస్ కార్నర్ పక్కన, హైకోర్టు ఆవరణలోనే సిటీ సివిల్ కోర్టు ఉంది. ఆ రిజిస్ట్రేషన్ చెల్లదని ప్రకటించమని అడుగుతూ, మన పేరు వాడకుండా, విరాళాలు వసూలు చేయకుండా తాత్కాలిక ఇంజంక్షన్ (అడ్డుకునే ఉత్తర్వు) కోరవచ్చు. సభ్యులందరి తరఫునా కొద్దిమంది వేయడానికీ కోర్టు అనుమతి ఇస్తుంది. ఏళ్లు పడుతుంది, నిజమే. కానీ ఆ తమిళ సంతకాన్నీ మా పెదనాన్నగారి పాత సంతకాలనూ పక్కపక్కన పెట్టి, చేతిరాత నిపుణుణ్ణి పిలిపించి, అవతలివారిని క్రాస్ ఎగ్జామిన్ చేసే (బోనులో ఎదురు ప్రశ్నలు వేసే) చోటు ఈ మూడింటిలో అదొక్కటే.

మోసంతో సంపాదించిన తీర్పే చెల్లదని 1993లో చెంగల్వరాయ నాయుడు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే దావాలో ‘మోసం’ అని ఒక్క మాట రాస్తే చాలదు. ఎవరు, ఎప్పుడు, ఎలా చేశారో విడివిడిగా రాయాలి. ఇలాంటి ప్రకటన కోరడానికి గడువు మూడేళ్లు, మోసం తెలిసిన నాటి నుంచి లెక్క. రిజిస్ట్రారు చుట్టూ, రిట్ చుట్టూ తిరుగుతూ ఆ మూడేళ్లు కరిగించుకోకండి.

పెదనాన్నగారి పెన్షన్ కాగితాలు, పాత బ్యాంకు పాస్‌బుక్కు పెద్దమ్మ ట్రంకు పెట్టెలో దొరికాయి. ప్రతి సంతకం కిందా ఆ రెండు చుక్కలున్నాయి. సోమవారం వాటిని లాయరుగారికి ఇస్తున్నాను.