కాలిన ప్లగ్గు తర్వాత కొన్న కేబుల్: ఆరు నెలల వాడకం

ముందు కాలిన ప్లగ్గు సంగతి చెప్పాలి. పోయిన శ్రావణమాసంలో ఓ రోజు తెల్లవారుజామున మాడు వాసన వచ్చింది. పాలు పొంగి స్టవ్ మీద పడ్డాయేమో అని వంటింట్లోకి వెళ్ళాను. అక్కడేం లేదు. పోర్టికోలోకి వచ్చి చూస్తే మా ఎలక్ట్రిక్ కారు ఛార్జింగ్ ప్లగ్గు సాకెట్‌కి అతుక్కుపోయి ఉంది. ఎంసీబీ దించి, చల్లారాక లాగితే ఫేజ్ పిన్ను చుట్టూ ప్లాస్టిక్ నల్లబడి, బెల్లంపాకం సాగినట్టు సాగి ఉంది.

మాది తెనాలి. నేను గుంటూరులో ఓ జూనియర్ కాలేజీలో ఫిజిక్స్ చెబుతాను. రానూపోనూ యాభై కిలోమీటర్లు దాటుతుంది. అందుకని మొదట్లో వచ్చిన నెక్సాన్ ఈవీ ఒకటి సెకండ్ హ్యాండ్‌లో కొన్నాం, 30.2 యూనిట్ల బ్యాటరీది. అమ్మినాయన స్టెప్నీ, జాకీ, సర్వీసు బుక్కు అన్నీ ఇచ్చాడు గానీ, కారుతో వచ్చిన ఛార్జింగ్ కేబుల్ మాత్రం "ఎక్కడో పెట్టామండీ, వెతికి పంపిస్తాను" అన్నాడు. ఇంకా వెతుకుతూనే ఉన్నాడు.

సరే అని ఆన్‌లైన్‌లో 6,500కి ఒకటి తెప్పించాను. అదే మూడో వారంలో కాలింది. తర్వాత ఎలక్ట్రీషియన్ దాన్ని కోసి చూపించాడు. లోపల 1.5 స్క్వేర్ (చదరపు మిల్లీమీటర్ల) వైరు. 16 ఆంప్స్ అని అమ్మిన కేబుల్‌లో రెండున్నర ఉండాలి. పైన తొడుగు మీద సైజు అచ్చు కూడా లేదు, అప్పుడే అనుమానం రావాల్సింది.

అయితే తప్పులో సగం నాది. ఆ సాకెట్ ఒకప్పుడు మోటారుకి పెట్టించింది, పదిహేనేళ్ళ నాటిది. లోపలి రేకులు వదులైపోయాయి. గీజరు కూడా అంతే కరెంటు లాగుతుంది కదా అంటారు. గీజరు పావుగంట లాగి ఆగిపోతుంది. కారు 14 ఆంప్స్ చొప్పున రాత్రంతా లాగుతుంది. పిన్నుకీ రేకుకీ మధ్య పట్టు సరిగ్గా లేకపోతే అక్కడ రెసిస్టెన్స్ పెరుగుతుంది, ఆ ఒక్కచోటే వేడి పుడుతుంది, ఆంప్స్ రెట్టింపైతే వేడి నాలుగింతలవుతుంది. ఈ పాఠం ఏటా పిల్లలకి చెబుతాను. మా ఇంటి గోడ దగ్గర మాత్రం గుర్తురాలేదు.

రెండో కేబుల్ కోసం విజయవాడలో ఒక షాపుకి వెళ్తే, కుర్రాడు 7.2 కిలోవాట్లది బయటికి తీశాడు. "మేడం, దీంతో సగం టైములో అయిపోద్ది" అన్నాడు. నా కారులో ఉన్న ఛార్జరే 3.3 కిలోవాట్లది. ఏసీ ఛార్జింగ్‌లో కరెంటుని బ్యాటరీకి పనికొచ్చేలా మార్చేది కారులో ఉండే ఆ ఛార్జరే, బయట మనం కొనే పెట్టె కాదు. పైపు ఎంత లావుదైనా బిందె మూతి ఎంత ఉంటే నీళ్ళు అంతే పడతాయి. ఆ మాట చెబితే కుర్రాడు నవ్వి, "అందరూ ఇదే తీసుకుంటున్నారు మేడం" అన్నాడు. తీసుకుంటున్నారంటే నమ్ముతాను.

మా కెమిస్ట్రీ సార్ అలాగే తీసుకున్నారు. ఆయనది నెక్సాన్ మ్యాక్స్, 7.2 కిలోవాట్ల ఛార్జరున్న కారు, కాబట్టి ఆయన కొనడంలో తప్పులేదు. ఇంట్లో వాల్ బాక్స్ (గోడకి బిగించే ఛార్జింగ్ పెట్టె) ఉంది, దానికి సాకెట్ మాత్రమే ఉంది, రెండువైపులా టైప్ 2 (కారుకి పెట్టే ప్లగ్గు రకం) ఉన్న కేబుల్ మనం తెచ్చుకోవాలి. 32 ఆంప్స్ అని రాసున్నది తెచ్చారు. ఎన్నిసార్లు పెట్టినా నాలుగున్నర కిలోవాట్లు దాటట్లేదని నెలరోజులు బాధపడ్డారు. కారు బాగోలేదని సర్వీస్ సెంటరుకి కూడా తిరిగారు. ఒకరోజు కేబుల్ కాలేజీకి తెమ్మని, ల్యాబ్‌లో మల్టీమీటర్ పెట్టి చూశాను. టైప్ 2 గన్నులో, అంటే కారుకి తగిలించే ఆ ప్లగ్గులో, ఏడు పిన్నులుంటాయి. పైన చిన్నవి రెండు. అందులో పీపీ అనే పిన్నుకీ మధ్యలో ఉన్న ఎర్త్ పిన్నుకీ నడుమ ఒక రెసిస్టర్ పెడతారు. ఈ కేబుల్ ఎంత కరెంటు మోయగలదో వాల్ బాక్స్ తెలుసుకునేది దాన్ని చూసే. 32 ఆంప్స్ కేబుల్‌కి 220 ఓములు ఉండాలి. మీటరు 680 చూపించింది. అంటే 20 ఆంప్స్. 20ని 230 ఓల్టులతో గుణిస్తే సరిగ్గా ఆయనకొచ్చిన నాలుగున్నర చిల్లర. సార్ మొహం చూడాలి ఆ నిమిషం. పైన స్టిక్కరు మీద 32 అని ఎర్రగా, పెద్దగా ఉంది.

ఇక నేను చివరికి కొన్నది: 16 ఆంప్స్ పోర్టబుల్ కేబుల్, ఐదు మీటర్లు, 14,500 రూపాయలు. పేరు రాయడం లేదు. ఇదే పెట్టెని నాలుగైదు పేర్లతో అమ్ముతున్నారు, స్టిక్కరే తేడా. గుర్తులు చెబుతాను, వాటిని బట్టి వెతుక్కోండి. తొడుగు మీద రెండున్నర స్క్వేర్ అని అచ్చు ఉంది. ప్లగ్గులోనే వేడి కనిపెట్టే సెన్సర్ ఉంది, వేడెక్కితే ఆంప్స్ తగ్గిస్తుంది, ఇంకా వేడెక్కితే ఆపేస్తుంది. 30 మిల్లీఆంప్స్ లీకేజీకే ట్రిప్ అవుతుంది. ఆంప్స్ మనమే పెట్టుకోవచ్చు: 6, 8, 10, 13, 16. నేను డబ్బులిచ్చింది ముఖ్యంగా ఈ చివరిదానికే. మాకు రెండు మూడు రోజులకోసారి ఇరవై యూనిట్లు ఎక్కితే చాలు. 10 ఆంప్స్‌లో రాత్రి తొమ్మిదికి పెడితే తెల్లారి ఆరింటికి ఎక్కేస్తాయి. ప్లగ్గు చేత్తో పట్టుకుంటే గోరువెచ్చగా కూడా ఉండదు.

పెట్టిన మొదటిరోజే ఎర్రలైటు వెలిగింది, ఎర్త్ లేదని. పాత కేబుల్ ఇదేమీ చెప్పకుండా మూడు వారాలు ఛార్జ్ చేసేసింది, తలచుకుంటే ఇప్పుడు భయమేస్తుంది. మొదట వచ్చిన ఎలక్ట్రీషియన్ "న్యూట్రల్‌కీ ఎర్త్‌కీ లింకేసేస్తా, లైటు పోద్ది మేడం" అన్నాడు. లైటు పోతుంది, నిజమే. ఆ తర్వాత ఎప్పుడైనా న్యూట్రల్ తెగిందంటే కారు బాడీ మొత్తానికి కరెంటొస్తుంది. ఆయన్ని పంపించేసి, ఇంకొకరితో పాత ఎర్త్ గొయ్యి తవ్విస్తే లోపల మట్టి ఎండిపోయి బూడిదలా ఉంది. కొత్తగా బొగ్గు, ఉప్పు వేయించి, మీటరు దగ్గర్నుంచి పోర్టికోకి విడిగా 4 స్క్వేర్ వైరు లాగించి, కొత్త పవర్ సాకెట్ పెట్టించాం. కేబుల్ ఖర్చులో సగం దాకా దానికీ అయింది. ఎండాకాలంలో వారానికోసారి ఆ గొయ్యిలో రెండు బకెట్లు పోస్తున్నాం.

లోపాలు లేవని కాదు. కేబుల్‌కి ఉండే కంట్రోల్ పెట్టె బరువు. సాకెట్ కింద అడుగు దూరంలోనే ఉంటుంది కాబట్టి గాల్లో వేలాడి ప్లగ్గుని కిందికి గుంజుతుంది. గోడకి ఒక మేకు కొట్టి తగిలించాను. అలాంటి కొక్కెం కూడా ఇవ్వకపోవడం పిసినారితనం. స్క్రీన్ మీద అంకెలు ఎండలో కనబడవు. గన్ను మూత రబ్బరు రెండో నెలలోనే తెగిపోయింది.

అసలు లోపం వేరే ఉంది. కరెంటు పోయి వస్తే ఛార్జింగ్ దానంతటదే మొదలవుతుంది, ఇది చాలా మంచిది, కొన్నింటిలో మళ్ళీ గన్ను తీసి పెట్టాలి. కానీ మనం పెట్టిన 10 మర్చిపోయి మళ్ళీ 16 నుంచి ఎత్తుకుంటుంది! మా ఇంట్లో పర్వాలేదు, వైరు కొత్తది. రేపల్లె దగ్గర మా అత్తగారి ఊళ్ళో ఇల్లు పాతది, గోడల్లో ఏ కాలం నాటి వైరుందో ఎవరికీ తెలియదు. ప్లగ్గులో సెన్సర్ ప్లగ్గు వేడినే చూస్తుంది, గోడలో వైరు వేడి దానికి తెలియదు. కంపెనీ వాళ్ళకి రెండు మెయిళ్ళు పెట్టాను, జవాబు లేదు.

మొన్న ఉగాదికి వెళ్ళినప్పుడు పడుకోబోయే ముందు మా అత్తయ్యకి చూపించాను: కరెంటు పోయి వచ్చిందంటే ఈ మీట రెండుసార్లు నొక్కాలి, 16 కాస్తా 13 అయి, తర్వాత 10 అవుతుంది అని. నేనే లేస్తాను, మీకు తెలిసుంటుందని చెబుతున్నా అన్నాను. నాకు మెలకువ రాలేదు. పొద్దున కాఫీ గ్లాసు చేతికిస్తూ, "రాత్రి రెండుసార్లు పోయిందే అమ్మాయ్. రెండుసార్లూ పది పెట్టి పడుకున్నాలే" అన్నారు.