కాంటన్ ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్: 1988 వరుసలో ఆగి చూడవలసిన ప్రతిమ

ఒహాయో రాష్ట్రంలోని కాంటన్ పట్టణంలో, 77వ నంబరు ఇంటర్‌స్టేట్ రహదారిని ఆనుకుని, నేలలో సగం పాతిన ఫుట్‌బాల్‌ లాంటి గోపురం ఉన్న భవనం ఒకటి ఉంది. అదే అమెరికన్ ఫుట్‌బాల్ మేటి ఆటగాళ్ళను సన్మానించే ప్రొ ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్. క్లీవ్‌ల్యాండ్ నుంచి కారులో గంట దూరం. మేము ఆ చుట్టుపక్కలే ఎన్నో ఏళ్ళుగా ఉంటున్నా, అమెరికన్ ఫుట్‌బాల్ మన ఆట కాదన్న భావంతో ఆ గోపురాన్ని రోడ్డు మీద నుంచి చూడడమే తప్ప ఎన్నడూ లోపలికి వెళ్ళలేదు. ఈసారి వెళ్ళడానికి కారణం మా అబ్బాయి. హైస్కూలు జట్టులో కోచ్ వాణ్ణి డిఫెన్సివ్ లైన్‌లో నిలబెట్టాడు. బంతి ముట్టుకునే అవకాశమే ఉండదని వాడు మనసు కష్టపెట్టుకున్నాడు. లైన్‌మన్‌గా ఆడి పేరు తెచ్చుకున్నవారిని, ముఖ్యంగా అలన్ పేజ్‌ను, వాడికి చూపించాలని, రాజమండ్రి నుంచి వచ్చి ఉన్న మా నాన్నగారిని కూడా వెంటబెట్టుకుని వెళ్ళాము.

ఆట తెలియనివారి కోసం లైన్‌మన్ పని ఏమిటో ఇక్కడ చెప్పాలి. ప్రతి ఎత్తుకూ ముందు రెండు జట్లు ఎదురెదురుగా బారులు తీరి వంగి నిలబడతాయి. దాడి జట్టు ముందు వరుసలోని అయిదుగురు, బంతి అందుకుని దాడిని నడిపించే తమ క్వార్టర్‌బ్యాక్‌ను కాపాడతారు. రక్షణ జట్టు ముందు వరుసలోనివారు ఆ గోడను చీల్చుకుని అతనిమీదికి దూకాలి. బంతి కదిలిన మూడు నాలుగు క్షణాల్లో అంతా తేలిపోతుంది. కబడ్డీలో కూతకు వెళ్ళినవాడి పేరు ఊరంతా చెప్పుకుంటుంది కానీ, వాడి చీలమండ దొరకబుచ్చుకున్న చేతులు ఎవరివో ఎందరికి గుర్తుంటుంది? లైన్‌మన్ బతుకు అలాంటిది.

లోపలికి అడుగుపెట్టగానే తొలి తరం ఆటగాడు జిమ్ థోర్ప్ కంచు విగ్రహం ఏడడుగుల ఎత్తున ఎదురవుతుంది. నేటి ఎన్.ఎఫ్.ఎల్.గా (నేషనల్ ఫుట్‌బాల్ లీగ్‌గా) మారిన సంఘం 1920 సెప్టెంబరులో ఈ పట్టణంలోనే, ఒక కార్ల దుకాణంలో పుట్టింది. థోర్ప్ ఆడిన కాంటన్ బుల్‌డాగ్స్ ఇక్కడి జట్టే. ఇంత చిన్న పట్టణానికి ఈ సంస్థ దక్కడానికి కారణం ఆ చరిత్రే. ఆ గదులు బాగున్నాయి. అయితే మా మనసంతా కంచు ప్రతిమల మందిరం మీదే ఉన్నందున వాటిని త్వరగానే దాటాము.

ఆ మందిరం మాత్రం ఎంతసేపు చూసినా తనివి తీరదు. మసక వెలుతురులో, మెత్తటి దీపాల కింద, ఏడాది తరువాత ఏడాదిగా ప్రతిమల వరుసలు సాగుతాయి. 1963లో తొలి విడతగా ఎంపికైన 17 మందితో మొదలై అవి నేటిదాకా వస్తాయి. నాకు అన్నిటికంటె నచ్చినది, లక్షల మంది ఆరాధించే క్వార్టర్‌బ్యాక్‌కూ జీవితమంతా మట్టిలో కుస్తీ పట్టిన లైన్‌మన్‌కూ ఇక్కడ ఒకే కొలత ప్రతిమ ఉండడం. పేరు చదవకపోతే ఎవరు ఏ స్థానంలో ఆడారో పోల్చుకోలేము.

1988 వరుసలో నలుగురున్నారు: ఫ్రెడ్ బిలెట్నికాఫ్, మైక్ డిట్కా, జాక్ హామ్, అలన్ పేజ్. మేము వెతుక్కుంటూ వెళ్ళినది నాలుగో ఆయన కోసం.

అలన్ పేజ్ 1945లో ఈ కాంటన్‌లోనే పుట్టారు. పదమూడేళ్ళ వయసులో తల్లిని పోగొట్టుకున్నారు. ఇక్కడి సెంట్రల్ కాథలిక్ హైస్కూలులో చదువుతూ ఫుట్‌బాల్ ఆడిన రోజుల్లోనే, మనం నిలబడి చూస్తున్న ఈ హాల్ ఆఫ్ ఫేమ్ భవనాన్ని కట్టిన కూలీల బృందంలో పని చేశారు. భవనం 1963 సెప్టెంబరులో తెరుచుకుంది. సరిగ్గా పాతికేళ్ళకు ఆయన ప్రతిమ అందులోకి వచ్చి చేరింది. ఈ సంగతి చెప్పగానే మా అబ్బాయి ప్రతిమను వదిలి చుట్టూ గోడలను చూడడం మొదలుపెట్టాడు.

నోటర్‌డామ్ విశ్వవిద్యాలయం 1966లో జాతీయ విజేతగా నిలిచినప్పుడు పేజ్ ఆ జట్టులో ఉన్నారు. మరుసటి ఏడు ఎన్.ఎఫ్.ఎల్. జట్టు మిన్నెసోటా వైకింగ్స్, కొత్త ఆటగాళ్ళ ఎంపికలో ఆయనను మొదటి రౌండులోనే తీసుకుంది. కార్ల్ ఎల్లర్, జిమ్ మార్షల్, గ్యారీ లార్సెన్‌లతో కలిసి ఆయన నిలబడిన ముందు వరుసను జనం, జట్టు జెర్సీ రంగును బట్టి, ‘పర్పుల్ పీపుల్ ఈటర్స్’ అని పిలిచారు. మంచు గడ్డకట్టే మిన్నెసోటా చలిలో, పైకప్పు లేని మెట్రోపాలిటన్ స్టేడియంలో ఆట. అంచున వేచి ఉండే ఆటగాళ్ళకు హీటర్లు పెట్టడానికి కోచ్ బడ్ గ్రాంట్ ఒప్పుకునేవారు కాదు. 1971లో పేజ్ లీగు మొత్తానికి ఉత్తమ ఆటగాడిగా ఎంపికయ్యారు. రక్షణ ఆటగాడికి అసోసియేటెడ్ ప్రెస్ వార్తాసంస్థ ఆ పురస్కారం ఇవ్వడం అదే మొదటిసారి. ఆ తరువాత 1986లో లారెన్స్ టేలర్‌కు తప్ప మరో రక్షణ ఆటగాడికి అది దక్కలేదు.

క్వార్టర్‌బ్యాక్‌ను పడగొట్టడాన్ని సాక్ అంటారు. దానిని లీగు అధికారికంగా లెక్కించడం 1982లో మొదలైంది. పేజ్ ఆట ముగించింది 1981లో. ఆయన చేసిన పనిలో ప్రధాన భాగం అధికారిక లెక్కల్లోకే ఎక్కలేదన్నమాట. రాయదగినవి లేకపోలేదు: 15 సీజన్లు, ఒక్కటీ తప్పకుండా వరుసగా 218 మ్యాచ్‌లు, అడ్డుకున్న కిక్కులు 28, ప్రత్యర్థి చేజార్చగా దక్కించుకున్న బంతులు 23. అన్నేళ్ళ ఆట గుర్తుగా ఆయన ఎడమచేతి చిటికెన వేలు తొంభై డిగ్రీలు పక్కకు తిరిగి, అలాగే ఉండిపోయింది. ప్రతిమ భుజాల దగ్గరే ఆగిపోతుంది కనుక ఆ వేలు ఇక్కడ కనబడదు. కనబడి ఉంటే బాగుండేదని నాకనిపించింది.

లీగు ఆఖరి పోటీ అయిన సూపర్ బౌల్ గ్యాలరీకి కూడా ఈయనను తలచుకుంటూనే వెళ్ళండి. విజేతల ఉంగరాలు తళతళలాడుతూ కనిపించే చోటు అది. పేజ్ ఉన్న వైకింగ్స్ నాలుగుసార్లు సూపర్ బౌల్ చేరి, కాన్సాస్ సిటీ, మయామి, పిట్స్‌బర్గ్, ఓక్లాండ్ జట్ల చేతిలో నాలుగుసార్లూ ఓడిపోయింది. ఆ ఉంగరాల మధ్య వైకింగ్స్ ఉంగరం ఒక్కటీ లేదు. గెలిచినవారి గదిలో ఓడినవారి గురించి మాట్లాడుకోవడం మా అబ్బాయికి వింతగా తోచినా, ఆ అరగంటలో వాడు అడిగినన్ని ప్రశ్నలు మరెక్కడా అడగలేదు.

మా నాన్నగారి సంగతి వేరు. ఆయన కోర్టు గుమాస్తాగా ముప్ఫయ్యేళ్ళకు పైగా పనిచేసి రిటైరయ్యారు. ఆట విషయాలన్నీ మర్యాదకు వింటున్న మనిషి, ఈ లైన్‌మన్ తరువాతి కాలంలో రాష్ట్ర సుప్రీంకోర్టు న్యాయమూర్తి అయ్యారని చెప్పగానే కళ్ళజోడు సర్దుకుని ప్రతిమ ముందు నిలబడిపోయారు. పేజ్ ఆడుతూనే మిన్నెసోటా విశ్వవిద్యాలయంలో న్యాయశాస్త్రం చదివారు. మొదట మరో లా కాలేజీలో చేరి మూడు వారాలకే మానేసిన మనిషి, తిరిగి పట్టుబట్టి చదివి 1978లో పట్టా పుచ్చుకున్నారు. పరుగు మీద మక్కువ పెరిగి, సుమారు 245 పౌండ్ల నుంచి 225కు బరువు తగ్గారు. ఆ స్థానానికి ఆ బరువు చాలదని భావించిన వైకింగ్స్ ఆ అక్టోబరులోనే ఆయనను వదిలేసింది. లీగు నిబంధన ప్రకారం 100 డాలర్ల రుసుము కట్టి షికాగో బేర్స్ తీసుకుంది. ఒకనాటి లీగు ఉత్తమ ఆటగాడు వంద డాలర్లకు చేతులు మారిన తరువాత కూడా మరో మూడేళ్ళకు పైగా ఆడారు. మధ్యలో 1979లో మారథాన్ పూర్తి చేశారు.

1992 కథ మా నాన్నగారు రెండుసార్లు చెప్పించుకున్నారు. మిన్నెసోటాలో న్యాయమూర్తులను ప్రజలే ఓట్లేసి ఎన్నుకుంటారు; మన దగ్గర ఆ పద్ధతి లేదు. ఆ ఏడు జరగవలసిన ఎన్నికను, పదవిలో ఉన్న న్యాయమూర్తి కాలాన్ని పొడిగించి గవర్నరు ఆపబోతే, పేజ్ కోర్టుకెక్కి గెలిచి బ్యాలెట్ మీద తన పేరు పెట్టించుకున్నారు. ఎన్నికలోనూ గెలిచి, ఆ న్యాయస్థానంలో కూర్చున్న తొలి ఆఫ్రికన్ అమెరికన్ అయ్యారు. మరో మూడుసార్లు ఎన్నికై, 70 ఏళ్ళకు తప్పనిసరిగా దిగిపోవాలన్న నియమం ప్రకారం 2015లో విరమించారు. 2018లో అమెరికా అత్యున్నత పౌర పురస్కారమైన ప్రెసిడెన్షియల్ మెడల్ ఆఫ్ ఫ్రీడమ్ అందుకున్నారు.

ఇక్కడ సన్మానం పొందేవారిని సభకు పరిచయం చేయడానికి చాలామంది తమ కోచ్‌నో తోటి ఆటగాడినో పిలుచుకుంటారు. 1988లో పేజ్ మిన్నియాపొలిస్‌లోని ఒక పాఠశాల ప్రిన్సిపాల్ విల్లరీన్ బీజ్లీని పిలిచారు. తన ప్రసంగంలో ఎక్కువ భాగం పిల్లల చదువు గురించే మాట్లాడారు. అదే సంవత్సరం భార్య డయాన్‌తో కలిసి పేజ్ ఎడ్యుకేషన్ ఫౌండేషన్ స్థాపించారు. దాని సాయంతో కాలేజీ చదివే విద్యార్థులు, బదులుగా తమకంటె చిన్న పిల్లలకు చదువులో తోడ్పడాలి.

వెళ్ళదలచినవారికి కొన్ని మాటలు. పిల్లలతో వెళితే సగం రోజైనా పెట్టుకోండి. ఆట బొత్తిగా తెలియనివారు ముందురోజు ఒక మ్యాచ్‌నైనా, బంతిని కాక ముందు వరుసనే చూస్తూ గమనించి రండి. ప్రతిమల మందిరం అప్పుడు మరింతగా మాట్లాడుతుంది. ఆగస్టు మొదట్లో సన్మానోత్సవాల వారంలో పట్టణమంతా కిక్కిరిసి ఉంటుంది కనుక, తీరుబడిగా చూడాలనుకునేవారు ఆ రోజులు తప్పించుకోవడం మేలు. ప్రవేశ రుసుము, వేళలు మారుతుంటాయి. బయలుదేరేముందు వారి వెబ్‌సైటులో సరిచూసుకోండి. బయటికి వచ్చాక నేరుగా కారు దగ్గరికి వెళ్ళిపోకుండా ఆ గోపురం చుట్టూ ఒకసారి నడిచి రండి. తరువాతి విస్తరణలన్నీ పక్కన పెడితే, 1963లో కట్టిన పాత భాగం అదే.