చాట్స్‌వర్త్ హౌస్: సందర్శకులకు ఒక సమీక్ష

ఇంగ్లండ్‌లోని డెర్బీషైర్‌లో ఉన్న ఈ భవనాన్ని, 11వ డెవన్‌షైర్ డ్యూక్ ఆండ్రూ కావెండిష్ (1920–2004) జీవితం తెలుసుకుని చూస్తేనే దాని విలువ పూర్తిగా అర్థమవుతుంది. రెండో కుమారుడైన ఆయనకు బిరుదు రావలసింది కాదు. తర్వాత అమెరికా అధ్యక్షుడైన జాన్ కెనడీ సోదరి కాథ్లీన్‌ను పెళ్లాడిన నాలుగు నెలలకే అన్న విలియం 1944లో బెల్జియం యుద్ధరంగంలో మరణించగా, 1950లో తండ్రి హఠాత్తుగా కన్నుమూయడంతో బిరుదుతోపాటు 80 శాతం వారసత్వ పన్ను భారమూ ఆయనపై పడింది. కుటుంబానికి చెందిన మరో భవనం హార్డ్‌విక్ హాల్‌ను, అమూల్యమైన కళాఖండాలను వదులుకుని, భార్య డెబొరాతో కలిసి ఆయన చాట్స్‌వర్త్‌ను నిలబెట్టిన తీరు నిజంగా ప్రశంసనీయం. శిల్పశాల అద్భుతం. తోటలకు తగినంత సమయం కేటాయించాలి. కాథ్లీన్ సమాధి ఉన్న దగ్గర్లోని ఎడెన్సర్ గ్రామ చర్చిని చాలామంది చూడకుండానే వెళ్లిపోతారు గానీ, 1963లో కెనడీ స్వయంగా వచ్చిన ఆ చోటును, ఈ కుటుంబంపై ఆసక్తి ఉన్నవారు తప్పక చూడాలి.