కాలువలో చెత్త ఆపాలంటే దేవుడి బొమ్మా, జరిమానానా, గ్రూపులో ఫొటోనా?

వేసవిలో కాలువలు కట్టేశారంటే మా కోనసీమ ఊళ్ల బండారం బయటపడుతుంది. అడుగున డైపర్లు, కోడి ఈకలు, క్యారీబ్యాగులు. దీన్ని మాన్పించడానికి మా పేటలో మూడు ఉపాయాలు చేశారు, మూడూ మనిషి మనసుని మెలిపెట్టేవే.

మొదటిది మీరూ చూసే ఉంటారు. గోడకి వరసగా వెంకన్న, శిలువ, మసీదు బొమ్మల టైల్స్. పనిచేసింది, టైల్స్ ఉన్నంత మేర! అవి అయిపోయిన చోట నాలుగడుగుల్లో కొత్త కుప్ప లేచింది.

రెండోది 500 జరిమానా బోర్డు. రొయ్యల చెరువులున్న ఒకాయన "ఐదొందలేగా" అన్నాడు, ఆ మాటతోనే బోర్డు పని అయిపోయింది. ఇజ్రాయెల్‌లోని హైఫాలో డేకేర్ సెంటర్లలో ఇలాగే జరిగింది: పిల్లల్ని ఆలస్యంగా తీసుకెళ్లేవాళ్లకి జరిమానా పెడితే ఆలస్యాలు ఇంకా పెరిగాయి, ఎత్తేశాక కూడా తగ్గలేదు. డబ్బు కట్టాక మొహమాటం దేనికి?

మూడోది ఫొటో తీసి వాట్సాప్ గ్రూపులో పెట్టడం. స్వచ్ఛ భారత్ మొదలయ్యాక చాలాచోట్ల బహిర్భూమికి వెళ్లేవాళ్ల వెనక ఈలలు ఊదారు చూడండి, దాని చెల్లెలే ఇది. ఫలితం మాత్రం బ్రహ్మాండం, వారంలో గట్టు ఖాళీ. కానీ ఆ గ్రూపులో మొదట పడింది మా వెనక సందు మామ్మగారు. తెల్లారుజామున చేతికర్ర, చేతిలో సంచి, ఫ్లాష్‌కి చిట్లించిన కళ్లు. కింద నవ్వు ఎమోజీలు. తర్వాత ఆవిడ నాలుగు రోజుల చెత్త పెరటి వసారాలోనే పెట్టుకుంది.

2017లో ఆర్థిక నోబెల్ అందుకున్న రిచర్డ్ థేలర్ ఇలాంటి ఉపాయాలకి షరతులు చెప్పాడు: దాపరికం ఉండకూడదు, ఇష్టం లేనివాళ్లు తేలిగ్గా తప్పుకోగలగాలి, జరిగేది వాళ్లకీ మేలవ్వాలి. ఆ లెక్కన టైల్స్ నయం. ఎవరు, ఎందుకు అంటించారో ఊరందరికీ తెలుసు, అయినా చెయ్యి ఆగుతుంది. (దేవుణ్ణి కాపలా పెట్టడం నాకు కాస్త ఇబ్బందే, అది వేరే సంగతి.) జరిమానా మోటుదే గానీ మోసం లేదు, డబ్బున్నోడికి లైసెన్సు అంతే. ఫొటోకి మాత్రం నేను ఒప్పుకోను, ఎంత పనిచేసినా సరే. అందులోంచి తప్పుకునే దారే లేదు, పైగా సిగ్గు పడేది ఎప్పుడూ నోరులేనివాళ్లే.

అసలు మామ్మగారు గట్టు దాకా ఎందుకు నడిచిందో ఎవరూ అడగలేదు. సందు మలుపులో కరెంటు స్తంభం ఉంది, చెత్త బండి తిరగదు. స్తంభం జరపమని అర్జీ పెట్టి ఎనిమిది నెలలైంది. ఈలోగా పక్కింటి కుర్రాడు ట్యూషన్‌కి వెళ్తూ ఆవిడ సంచి మెయిన్ రోడ్డు మీద బండిలో వేస్తున్నాడు.