రామానాయుడు, రామోజీరావు: ఒకే ఏడాది పుట్టిన ఇద్దరు నిర్మాతలు

ఇద్దరూ 1936లోనే పుట్టారు, ఇద్దరివీ వ్యవసాయ కుటుంబాలే. కారంచేడు నుంచి వచ్చిన రామానాయుడికి సినిమాయే లోకం. సురేష్ ప్రొడక్షన్స్ తీసిన ‘రాముడు భీముడు’ (1964) బ్రహ్మాండంగా ఆడింది. ఆ తర్వాత కొన్ని సినిమాలు దెబ్బతీస్తే, 1971లో ‘ప్రేమనగర్’ ఆయన్ను మళ్లీ నిలబెట్టింది. ఆ కథను అంతటితో వదిలారా? శివాజీ గణేశన్‌తో తమిళంలో, రాజేష్ ఖన్నాతో హిందీలో కూడా తీశారు. పైగా తన సినిమాల్లో ఏదో ఒక చిన్న వేషంలో కనిపించే సరదా ఒకటి!

పెదపారుపూడి రామోజీరావు దారి వేరు. ఆయనకు పత్రిక తర్వాతే సినిమా. ఉషాకిరణ్ మూవీస్ పెద్ద తారల కన్నా కథను నమ్ముకుంది. ప్రమాదంలో కాలు కోల్పోయి, జైపూర్ పాదంతో మళ్లీ గజ్జె కట్టిన సుధాచంద్రన్ కథే ‘మయూరి’ (1985). ఆ పాత్రను ఆమె చేతే వేయించారు. 1995లో ఈటీవీ, మరుసటి ఏడాది ఫిల్మ్ సిటీ. టీవీ అంటే రోజూ పొయ్యి వెలగాల్సిన వంటిల్లు; పత్రిక నడిపిన మనిషికి అది కొత్త కాదు.

సినిమాల సంఖ్యలో నాయుడిదే పైచేయి, గిన్నిస్ రికార్డు ఆయనదే. సాహసంలో మాత్రం నా ఓటు ‘మయూరి’కే.