గయ్యాళి పాత్రకు ఎవరు మేలు: సూర్యకాంతమా, ఛాయాదేవా?

గయ్యాళి అనగానే సూర్యకాంతం పేరే నోటికొస్తుంది. 1950లో వచ్చిన ‘సంసారం’తో పడిన ఆ ముద్ర చివరిదాకా పోలేదు. అదే కాలంలో అదే తరహా పాత్రలు వేసిన ఛాయాదేవిని మాత్రం చాలామంది ముఖం చూసి గుర్తుపడతారు, పేరు చెప్పలేరు. అది ఆమెకు జరిగిన అన్యాయమే. ఇద్దరినీ పక్కపక్కన పెట్టి చూడాలంటే ‘మాయాబజార్’ (1957), ‘గుండమ్మ కథ’ (1962) చాలు. రెండింటిలోనూ ఇద్దరూ ఉన్నారు.

ముందు ‘గుండమ్మ కథ’. ఇందులో గుండమ్మ సూర్యకాంతమే. సూర్యకాంతం బలం వేగం. మాట మీద మాట పడుతుంది, ఎడమచెయ్యి గాలిలో తిరుగుతుంది, గొంతు ఎంత గబుక్కున లేస్తుందో అంత గబుక్కున దిగుతుంది. డి.వి. నరసరాజు రాసిన మాటల్ని విడిగా కాగితం మీద పెట్టి చదివితే అంత కటువుగా ఉండవు. ఆ కరుకుదనమంతా ఆమె పలకడంలోనే ఉంది. కోపం నిలవదు కాబట్టే పనివాడు అంజి వేషంలో ఎన్టీఆర్ ఆమెను ఇట్టే బుట్టలో వేసుకుంటాడు, మనం నవ్వుతాం. సవతి కూతురు లక్ష్మిని పనిమనిషికన్నా హీనంగా చూసినా, ఆఖర్లో ఆమె మారితే నమ్ముతాం.

అయితే ఆ మార్పుకు కారణం ఎవరు? దుర్గమ్మ. కోడలి తరఫు మనిషిగా వచ్చి, గుండమ్మను ఆమె ఇంట్లోనే నోరెత్తనివ్వకుండా చేసే పాత్ర. వేసింది ఛాయాదేవి. ఆ గొంతులో ఎక్కడా నవ్వుకు చోటు లేదు. అంతవరకు ఇల్లంతా హడలెత్తించిన మనిషి ఈమె ముందు బిక్కచచ్చిపోతుంటే మనకు జాలి పుడుతుంది. పాత్రలు తారుమారు చేసి ఊహించండి. దుర్గమ్మగా సూర్యకాంతం వస్తే జనం నవ్వేస్తారు, గుండమ్మ మీద జాలి పుట్టదు. గుండమ్మగా ఛాయాదేవి వేస్తే లక్ష్మి కష్టాలు చూడలేనంత బరువెక్కుతాయి, అంజి హాస్యం పండదు.

‘మాయాబజార్’లో ఛాయాదేవి రేవతి, బలరాముడి భార్య. నా లెక్కలో ఆమె పనితనానికి ఇదే అసలు కొలత. పాండవులు రాజ్యం పోగొట్టుకోగానే అభిమన్యుడికిచ్చిన మాట పక్కనపెట్టి, కూతుర్ని కౌరవుల ఇంటికి పంపాలని చూసే తల్లి. ఆశ కనిపించాలి, రాజసం చెడకూడదు. ప్రియదర్శిని పెట్టె దగ్గర ఆగి చూడండి. ఎవరికి ఏది ఇష్టమో అదే అందులో కనిపిస్తుంది: శశిరేఖకు అభిమన్యుడు, బలరాముడికి దుర్యోధనుడు, రేవతికి నగలు. తర్వాత ఆమె ఎందుకు మాట తప్పుతుందో దర్శకుడు కె.వి. రెడ్డి అక్కడే చెప్పేశారు. నగలు చూసి మురిసే ఆ ముఖంలో దుర్మార్గం లేదు, సంబరమే ఉంది. అందుకే ఋష్యేంద్రమణి వేసిన సుభద్రతో మాట పట్టింపు వచ్చినప్పుడు రేవతి రాణిలాగే ఉంటుంది, వీధి పోట్లాటలోకి దిగదు. ఇక్కడ సూర్యకాంతం వేసి ఉంటే ద్వారక అంతఃపురం మధ్యతరగతి పెరడైపోయేది.

అదే సినిమాలో సూర్యకాంతం హిడింబి. కొడుకు ఘటోత్కచుడి మీద ప్రేమ కురిపించే తల్లి. గయ్యాళి తప్ప మరోటి చెయ్యలేదనేవాళ్లకు ఆ పాత్ర ఒక్కటి చూపిస్తే చాలు.

ఛాయాదేవి లోటూ చెప్పాలి. రాసిన పాత్రలో పస ఉంటేనే ఆమె వెలుగుతుంది. పస లేని సన్నివేశాన్ని సూర్యకాంతం ఒక చేతి ఊపుతో, ఒక విరుపుతో నిలబెట్టేస్తుంది. ఛాయాదేవికి ఆ చిట్కా లేదు. మరోపక్క, అదే చిట్కా పదేపదే వాడించి సూర్యకాంతాన్ని ఒకే మూసలో పోసేశారు, అది రచయితల తప్పు. ఒక్కరినే తీసుకోవాలంటే నిర్మాతకు సూర్యకాంతమే మేలు. కథలో ధనగర్వం ఉన్న తల్లి కావాలన్నా, ఉన్న గయ్యాళిని అణిచే మరో గయ్యాళి కావాలన్నా ఛాయాదేవిని మించినవాళ్లు లేరు.

తేడా తెలియాలంటే ‘గుండమ్మ కథ’ చివరి భాగం రెండుసార్లు చూడండి. మొదటిసారి శబ్దం ఆపేసి ఇద్దరి చేతులు గమనించండి. రెండోసారి కళ్లు మూసుకుని గొంతులు వినండి. గుండమ్మ గొంతులో అరుపు ఎక్కడ సన్నగిల్లుతుందో పట్టుకుంటే, అక్కడికి ముందు దుర్గమ్మ ఏమందో వెనక్కి వెళ్లి విని తీరతారు.