ప్రత్యేక బడి, పక్క గది, అందరితో ఒకే తరగతి: ఏది మేలు?

వైకల్యం ఉన్న పిల్లల్ని ఎక్కడ చదివించాలి అనగానే మూడు దారులు కనిపిస్తాయి: వాళ్ల కోసమే నడిచే ప్రత్యేక బడి, మామూలు బడిలోనే ఓ పక్కన ప్రత్యేక గది, అందరితో కలిసి ఒకే తరగతి. నా ఓటు మూడోదానికే, అయితే చేర్చుకుని వదిలేయకుండా తగిన సాయం కూడా ఇస్తేనే.

ప్రత్యేక బడిని తీసిపారేయలేం. బ్రెయిలీ వచ్చిన టీచర్లు, థెరపీ, వింతగా చూడని తోటివాళ్లు అన్నీ ఒకేచోట ఉంటాయి. వినికిడి లేని పిల్లలకైతే నేనూ దానివైపే మొగ్గుతాను, ఎందుకంటే సైగల భాష ఒంటబట్టాలంటే చుట్టూ ఆ భాషలో మాట్లాడుకునేవాళ్లు ఉండాలి, తరగతి మొత్తంలో తానొక్కడే అయితే ఎవరితో మాట్లాడతాడు? 1880లో మిలాన్‌లో జరిగిన బధిర విద్యా మహాసభ బడుల్లో సైగల భాష వద్దని తీర్మానించింది, ఆ దెబ్బ తరాల పిల్లల మీద పడింది, ఆ తీర్మానాలను తోసిపుచ్చడానికి 2010 దాకా పట్టింది.

పక్క గది మధ్యేమార్గంలా కనిపిస్తుంది గానీ నా దృష్టిలో మూడింటిలో ఇదే అధ్వాన్నం. గేటు ఒకటే అయినా ఇంటర్వెల్ వేరు, ఆటలు వేరు, చివరికి స్నేహితులూ ఉండరు. రోజూ కాసేపు అక్కడికెళ్లి స్పీచ్ థెరపీ చేసుకుని తిరిగి తన బెంచీకి వచ్చేస్తే అభ్యంతరం లేదు.

ఒకే తరగతి అనేది కుదరని కల కాదు. ఇటలీ 1977లోనే చట్టం చేసి ప్రత్యేక తరగతులు ఎత్తేసింది, అక్కడ వైకల్యం ఉన్న పిల్లాడికి సాయంగా పెట్టే సపోర్ట్ టీచర్ ఆ ఒక్క పిల్లాడికే కాదు, తరగతి మొత్తానికీ బాధ్యుడు. వైకల్యం ఉన్నవాళ్ల హక్కులపై 2006 నాటి ఐక్యరాజ్యసమితి ఒప్పందంలోని 24వ అధికరణం కూడా కలిసి చదువుకోవడాన్ని హక్కుగానే చెప్పింది. పైగా పక్కన కూర్చుని చదివినవాళ్లే రేపు ఆఫీసులో, వీధిలో, పెళ్లిళ్లలో జాలి చూపులు లేకుండా మామూలుగా మాట్లాడతారు, పెద్దయ్యాక ఉపన్యాసాలతో ఆ అలవాటు నేర్పడం చాలా కష్టం.

చేర్పించే ముందు మాత్రం గట్టిగా అడగండి: టాయిలెట్ తలుపులోంచి వీల్‌చెయిర్ పడుతుందా, పరీక్షలో అదనపు సమయం ఇస్తారా, ఎక్స్‌కర్షన్‌కి తనని కూడా తీసుకెళ్తారా? ర్యాంప్ ఉందని చెబితే వెళ్లి చూడండి, అడుగు ఎత్తుకి కనీసం పన్నెండు అడుగుల పొడవు లేకపోతే వీల్‌చెయిర్‌లో ఉన్న పిల్లలు సొంతంగా ఎక్కడం కష్టం.